వాయించినవాళ్ల పేర్లూ వేయండి

సంపాదకుడు గారికి,

అయ్యా,

పది రోజుల కిందట మీ ఆదివారం అనుబంధంలో పాశ్చాత్య సంగీతం మీద వ్యాసం వేశారు. అమెరికాలో మొదటి స్థానం కొట్టిన తొలి బ్రిటిష్ బృందం బీటిల్స్ అని బాక్సు కట్టి మరీ రాశారు. సవరణ వేస్తారేమోనని ఇన్నాళ్లూ చూశాను. వేయలేదు.

బీటిల్స్ ఆ మెట్టెక్కింది 1964 ఫిబ్రవరిలో. ఏడాది ముందే, 1962 డిసెంబరులో, టోర్నడోస్ అనే బ్రిటిష్ బృందం వాళ్లు 'టెల్‌స్టార్' వాయించి అమెరికా బిల్‌బోర్డ్ పాటల జాబితాలో మొదటికెళ్లారు, మూడు వారాలున్నారు. ఆ ట్యూనులో పాడే మాట ఒక్కటీ లేదు, అంతా వాద్యమే. ఆ ఏడాది జులైలో పైకెళ్లిన ఉపగ్రహం పేరే దానికి పెట్టారు. లండన్ హాలోవే రోడ్డులో తోలు సామాన్ల కొట్టు మీది వాటాలో జో మీక్ అనే నిర్మాత ట్యూను కట్టి రికార్డు చేశాడు. మొదట్లో రాకెట్ లేచినట్టు చప్పుడు, దాని మీద క్లేవియోలిన్ అనే ఎలక్ట్రానిక్ కీబోర్డు సన్నగా తేలుతూ వస్తుంది. అది వాయించిన జెఫ్ గొడార్డ్ బృందంలో మనిషి కూడా కాదు.

అసలు ఈ టోర్నడోస్ గాయకుడు బిల్లీ ఫ్యూరీ వెనక వాయించేవాళ్లు. మూడేళ్లు తిరిగేసరికి ఐదుగురూ తలో దిక్కూ అయ్యారు. ఆ ట్యూను తనదని ఫ్రాన్సు సంగీతకారుడొకరు దావా వేస్తే మీక్‌కి రావలసిన రాయల్టీ ఆగిపోయింది. మీక్ 1967లో పోయాడు, ఆయన పక్షాన తీర్పు ఆ తర్వాత వచ్చింది. డ్రమ్స్ వాయించిన క్లెమ్ కాటిని చెయ్యి బ్రిటన్‌లో మొదటి స్థానానికెళ్లిన నలభైకి పైగా రికార్డుల్లో ఉంది. ఆయన పేరు మీరెప్పుడైనా అచ్చువేశారా?

ఈ జబ్బు మీ పత్రికదే కాదు. ఆకాశవాణిలో కర్ణాటక కచేరీ వేస్తే వయొలిన్ ఎవరో, మృదంగం ఎవరో పేరుపేరునా చెబుతారు. సినిమా పాట దగ్గరికొచ్చేసరికి ఆ మర్యాద ఏమవుతుంది? నేను ముప్ఫయ్యేళ్లు లైట్ మ్యూజిక్ ఆర్కెస్ట్రాలో కీబోర్డు వాయించాను. కరపత్రాల మీద గాయకుల ఫొటోలుంటాయి, మా సంగతి 'మరియు వాద్యబృందం' అనే రెండు ముక్కల్లో అయిపోతుంది. ఒక ప్రభుత్వ ఉత్సవంలో అధికారులు పాడినవాళ్లకి సరిపడా శాలువాలే తెచ్చారు. అవి కప్పుతుంటే, నాలుగు గంటలు ఆపకుండా వాయించిన మా తబలా ఆయన పక్కన కూర్చుని మైకు వైర్లు చుడుతున్నాడు. వేళ్లకి ప్లాస్టర్లు ఇంకా ఊడలేదు. కిందికి దిగాక, భోజనం టోకెన్లు ఆర్టిస్టులకేనని మమ్మల్ని ఆపేశారు. అధికారులకి తెలియదు, యాంకర్లకి పట్టదు, కనీసం పత్రికలైనా సరిచూసుకుని రాయకపోతే ఎలాగండీ?

సవరణ ఆ బాక్సు వేసినచోటే, అంత అక్షరాల్లోనే వేయండి. పేర్లు ఇవి: క్లెమ్ కాటిని, అలన్ కాడీ, జార్జ్ బెల్లమీ, హైంజ్ బర్ట్, రోజర్ లావర్న్. జెఫ్ గొడార్డ్‌ని కూడా వదలకండి.

— ఒక కీబోర్డు వాద్యకారుడు, తెనాలి