కొత్త బ్యాచ్ ఫీజు, నా ప్రయాణాలు: ఉన్నది ఉన్నట్టు

ముందు డబ్బు సంగతి చెప్పేస్తాను. గుంటూరులోని మా జర్మన్ సెంటర్లో కొత్తగా మొదలయ్యే ఏ1 (భాషలో మొదటి మెట్టు) బ్యాచ్ నుంచి ఫీజు మీద 18 శాతం జీఎస్టీ పడుతుంది. సేవలు అమ్మేవాళ్ల టర్నోవరు ఏడాదికి 20 లక్షలు దాటితే రిజిస్ట్రేషన్ తప్పదు. ఈ ఏడాది మేం దాటాం. ఇది సంతోషించాల్సిన విషయమని మా ఆడిటర్ గారు అంటున్నారు, ఆయనకేం, ఫీజు కట్టేది ఆయన కాదుగా! ఇప్పటికే చేరి చదువుతున్నవాళ్ల దగ్గర మాత్రం ఆ లెవెల్ పూర్తయ్యేదాకా ఒక్క రూపాయి కూడా అదనంగా తీసుకోం. ఆ పన్ను మేమే భరిస్తాం.

రెండోది, మా ఏ1 టీచర్ వెళ్లిపోతున్నారు. ఎక్కడికో చెప్పక్కర్లేదనుకుంటా. ఈ వ్యాపారంలో ఉన్న చిక్కే ఇది. జర్మన్ బాగా వచ్చినవాళ్లు గుంటూరులో ఉండరు. బి2 (నాలుగో మెట్టు) దాటి, క్లాసు చెప్పడం చేతికొచ్చిందనుకునేసరికి వీసా వచ్చేస్తుంది. స్వీట్లు పంచి పంపించడమే. జీతం పెంచితే ఆగుతారా అంటే, అక్కడి జీతంతో మేం పోటీ పడలేం. అందుకని ఈ చలికాలం ప్రయాణాలన్నీ మానుకుని ఏ1 క్లాసులు నేనే తీసుకుంటున్నాను. నా యూట్యూబ్ ఛానెల్లో కొత్త ట్రావెల్ వీడియోలు వేసవి దాకా రావు.

ఇక్కడ ఇంకో మాట. బ్రాడీపేట సెంటర్‌కి వచ్చే తల్లిదండ్రులు కొందరు నసుగుతూ, కొందరు మొహం మీదే అడుగుతున్నారు: "మా పిల్లల ఫీజులతోనేనా మేడమ్, మీరు యూరప్ తిరిగేది?" అడగడంలో తప్పేం లేదు. ఛానెల్‌కి వెయ్యిమంది సబ్‌స్క్రైబర్లు, ఏడాదిలో నాలుగు వేల గంటలు చూసిన లెక్క ఉంటేగానీ యాడ్స్ డబ్బులు మొదలవవు. మొదలయ్యాక కూడా తెలుగు వీడియోకి వచ్చే రేటు విమానం టికెట్టుకి చాలదు. కాబట్టి నేను తిరిగింది ఎక్కువగా ఈ సెంటర్ నుంచి తీసుకున్న నా జీతంతోనే. ఆ లెక్కన మీ ఫీజులతోనే అనుకున్నా నేను కాదనను. కాకపోతే ఈ నెల నుంచి ఛానెల్‌కీ సెంటర్‌కీ బ్యాంకు ఖాతాలు వేరు చేశాం. కెమెరా, టికెట్లు, ఎడిటింగ్ ఖర్చు ఏదీ సెంటర్ పుస్తకాల్లోకి రాదు.

అసలు వీడియోలు మొదలైంది పేరు కోసం కాదు. ఇఫ్లూలో (హైదరాబాద్‌లోని ఇంగ్లిష్, విదేశీ భాషల యూనివర్సిటీ) జర్మన్ చదివాక హైదరాబాద్‌లో ఒక కంపెనీలో జర్మన్ కస్టమర్ల ఫోన్లు ఎత్తే ఉద్యోగం చేశాను. వాళ్ల టైముకి తగ్గట్టు మధ్యాహ్నం షిఫ్టు. డిగ్రీలో రాని భాష, బిల్లు ఎక్కువొచ్చిందని అరిచే పెద్దాయనతో మాట్లాడితే వచ్చింది. గుంటూరు వచ్చి క్లాసులు పెట్టాక, స్టేషన్లో టికెట్ మెషీన్ ఎలా వాడాలి, బేకరీలో ఏమని అడగాలి అని పిల్లలు అడుగుతుంటే బోర్డు మీద బొమ్మలు వేస్తే సరిపోక జర్మనీకే వెళ్లి తీసుకొచ్చాను. భాష నేర్పేదానికి ఈ తిరుగుళ్లేంటి అనేవాళ్లకి ఏనుగుల వీరాస్వామి గారిని గుర్తు చేస్తుంటాను. మద్రాసు సుప్రీంకోర్టులో ఇంటర్‌ప్రెటర్ ఉద్యోగం, 1830లో కాశీ ప్రయాణం, దారి పొడవునా చూసిందల్లా రాసిపెట్టడం. నా దగ్గర కెమెరా ఉంది, అంతే తేడా.

మీరు ఎక్కువగా చూసిన వీడియో హెల్మ్‌స్టెట్‌ది. చిన్న ఊరు. జర్మనీ రెండుగా ఉన్న రోజుల్లో తూర్పుకీ పడమరకీ మధ్య పెద్ద చెక్‌పోస్టు అక్కడే ఉండేది. నేను వెళ్లింది దాని కోసం కాదు. 1842లో గుంటూరు వచ్చి లూథరన్ మిషన్ మొదలుపెట్టిన ఫాదర్ హయ్యర్ పుట్టిన ఊరది, 1793లో. ఆయన చిన్నప్పుడే అమెరికా వెళ్లి, అక్కడి నుంచి మన ఊరొచ్చారు. ఇక్కడి నుంచి నర్సులు అటు వెళుతున్న రోజుల్లో అటు నుంచి ఇటు వచ్చిన మనిషి ఊరు చూపించాలనిపించింది. అలాంటివి మళ్లీ చేస్తాను. కానీ ఆ వీడియో చూస్తే జర్మన్ రాదు, ఆ మాట చెప్పాల్సింది నేనే.

జర్మన్ ఎక్కడ వస్తుందో చెబుతాను. ఏ1 స్పీకింగ్‌లో పరిచయం చేసుకున్నాక ఎగ్జామినర్ మీ పేరో ఊరో అక్షరం అక్షరం చెప్పమంటారు, తర్వాత ఫోన్ నంబరు లాంటిది ఒకటి. జర్మన్‌లో వి అక్షరాన్ని 'ఫౌ' అంటారు, డబ్ల్యూని 'వే' అంటారు. మన క్లాసులో వెంకటలు, వరలక్ష్ములు, వాసులు అందరూ అక్కడే తడబడతారు. అంకెలు రెండేసి చదివితే ఒకట్లు ముందు, పదులు తర్వాత. ఇది వినో చదివో వచ్చేది కాదు. ఎదురుగా ఒకరు కూర్చుని "మళ్లీ చెప్పు" అనాలి. అందుకే బ్యాచ్‌కి పన్నెండు మందినే తీసుకుంటాం, రికార్డెడ్ కోర్సు అమ్మడం ఆపేశాం. అది కొన్నవాళ్లకి లైవ్ క్లాసులో చేరితే ఆ డబ్బు తగ్గించి తీసుకుంటాం. గోథె పరీక్షలో (జర్మన్ ఎంత వచ్చో తేల్చి సర్టిఫికెట్ ఇచ్చే గోథె సంస్థ పరీక్ష) బి1 నుంచి చదవడం, వినడం, రాయడం, మాట్లాడడం విడివిడిగా రాయొచ్చు, ఒక్కోదాంట్లో నూటికి అరవై రావాలి. మా దగ్గరికి మళ్లీ వచ్చేవాళ్లలో ఎక్కువమంది చివరి రెండింటి కోసమే వస్తారు.

ఇంకొకటి. భారతీయ నిపుణులకు ఇచ్చే వీసాలను ఏటా 20 వేల నుంచి 90 వేలకు పెంచుతున్నామని 2024 అక్టోబరులో జర్మనీ ప్రకటించినప్పటి నుంచి ఏజెన్సీల ఫోన్లు ఆగట్లేదు. వీడియోలో రెండు నిమిషాలు వాళ్ల పేరు చెబితే నా టికెట్టు వాళ్లే పెట్టుకుంటారట. "ఆరు నెలల్లో బి2, ఉద్యోగం గ్యారంటీ" అని నా నోటితో అనిపించాలని వాళ్ల ఆశ. బీఎస్సీ నర్సింగ్ చదివిన అమ్మాయికి అక్కడ నర్సుగా గుర్తింపు రావాలంటే సాధారణంగా బి2 అడుగుతారు. హాస్పిటల్ డ్యూటీ చేసుకుంటూ ఆరు నెలల్లో సున్నా నుంచి అక్కడికి చేరడం నా క్లాసులో నేను చూడలేదు. ఆ యాడ్లు తీసుకోను. ఏ ఏజెన్సీ అయినా మా పేరు చెప్పి అడ్వాన్సు అడిగితే కట్టకండి, మాకు ఫోన్ చేయండి.

కొత్త ఏ1 క్లాసులు పొద్దున ఏడింటికొకటి, సాయంత్రం ఆరున్నరకొకటి. నైట్ డ్యూటీ దిగి వచ్చేవాళ్లు పొద్దున బ్యాచ్‌లోనే చేరండి, టిఫిన్ తెచ్చుకుని క్లాసులో తిన్నా నాకేం ఇబ్బంది లేదు. ఫీజు రెండు వాయిదాల్లో కట్టొచ్చు, రసీదు మీద జీఎస్టీ నంబరు ఉందో లేదో చూసుకోండి. ఆదివారం పది నుంచి పన్నెండు దాకా నేను సెంటర్లోనే ఉంటాను. తల్లిదండ్రులు అడగాలనుకున్నవన్నీ అప్పుడొచ్చి అడగండి, యూరప్ ఖర్చులతో సహా.