అరవై ఒకటో రోజున అడగాల్సిన బెయిల్

సంపాదకులకు నమస్కారం.

రిమాండ్ ఖైదీల ప్రస్తావన వచ్చినప్పుడల్లా విచారణ ఏళ్ల తరబడి సాగుతోందని బాధపడతాం. విచారణ మొదలు కాకముందే, దర్యాప్తు దశలోనే, పేద ఖైదీల చేతిలోంచి జారిపోతున్న హక్కు ఒకటుంది: డీఫాల్ట్ బెయిల్.

సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన బీఎన్‌ఎస్‌ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత) సెక్షన్ 187(3) ప్రకారం మరణశిక్ష, యావజ్జీవం, పదేళ్లు లేదా అంతకు మించిన శిక్ష పడే నేరాల్లో 90 రోజుల్లో, మిగతా నేరాల్లో 60 రోజుల్లో పోలీసులు ఛార్జిషీటు వేయాలి. వేయకపోతే, లోపలున్న నిందితుడు అడిగితే బెయిల్ ఇచ్చి తీరాల్సిందే. ఇదే డీఫాల్ట్ బెయిల్. నేరం ఎంత తీవ్రమైనదన్న చర్చకు అక్కడ తావు లేదు. కరోనా లాక్‌డౌన్‌లో కూడా ఈ గడువు పొడిగించినట్టు కాదని 2020లో ఎస్.కాశి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

కానీ ఈ బెయిల్ అడిగితేనే వస్తుంది. ఖైదీ అడగకముందే ఛార్జిషీటు పడితే, 60 రోజుల కేసులో అది 75వ రోజైనా సరే, హక్కు పోయినట్టే. దాన్ని కోర్టు ఇంకా కాగ్నిజెన్స్‌లోకి తీసుకోకపోయినా (అంటే విచారణకు స్వీకరించకపోయినా) అంతే, దాఖలైతే చాలు.

ఎక్కువగా తప్పు జరిగేది లెక్కలో. అరెస్టు తేదీ కాదు, మేజిస్ట్రేటు మొదటిసారి రిమాండ్ విధించిన తేదీ నుంచి లెక్క మొదలవుతుంది. ఆ రోజును కూడా కలపాలని 2023లో కపిల్ వాధవాన్ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చింది. మార్చి 1న రిమాండ్ అయితే 60వ రోజు ఏప్రిల్ 29, దరఖాస్తు వేయాల్సింది ఏప్రిల్ 30న. 90 రోజుల కేసైతే మే 30న. ఒక రోజు ముందు వేస్తే తొందరపాటని కొట్టేస్తారు. ఒక రోజు ఆగితే ఆ సాయంత్రమే ఛార్జిషీటు రావచ్చు. కాబట్టి ఉదయం కోర్టు తెరిచేసరికే వేసి, వేసిన సమయం రికార్డులో ఉండేలా చూసుకోవాలి. ముందు దరఖాస్తు పడితే తర్వాత వచ్చిన ఛార్జిషీటు ఆ హక్కును చంపలేదని 2020 నాటి ఎం.రవీంద్రన్ తీర్పు ఉంది. నోటిగా అడిగినా చాలని 2017లో రాకేశ్ కుమార్ పాల్ కేసులో చెప్పారు. మధ్యలో సెక్షన్లు మార్చి 60 రోజుల కేసును 90 రోజుల కేసుగా చేశారేమో కూడా 55వ రోజుకల్లా చూసుకోవాలి.

ఇంతకంటే బాధాకరమైన మలుపు బెయిల్ వచ్చాక ఎదురవుతుంది. ఉత్తర్వు చేతికొచ్చినా జామీనుదారులు దొరక్క ఖైదీ లోపలే ఉండిపోతే, ఆలోగా ఛార్జిషీటు పడితే, హక్కు అంతటితో ముగుస్తుంది. 2001 నాటి ఉదయ్ మోహన్‌లాల్ ఆచార్య తీర్పు చెప్పింది అదే. అందుకే జామీను కాగితాలు దరఖాస్తుకు ముందే సిద్ధంగా ఉండాలి. సాల్వెన్సీ (జామీనుదారుకు తగిన ఆస్తి ఉందన్న సర్టిఫికెట్) కోసం ఆఫీసుల చుట్టూ తిరగడం బెయిల్ వచ్చాక మొదలుపెడితే ఆలస్యమైపోతుంది. డబ్బు డిపాజిట్ చేయమని షరతు పెడితే ఒప్పుకోనక్కర్లేదు. డీఫాల్ట్ బెయిల్‌కు అలాంటి షరతు చెల్లదని 2020లో శరవణన్ కేసులో తేల్చారు.

గంజాయి కేసుల్లో 20 కిలోలు దాటితే గడువు 180 రోజులు. దాన్ని ఏడాది వరకు పొడిగించాలంటే పబ్లిక్ ప్రాసిక్యూటర్ తన నివేదిక ఇవ్వాలి. దర్యాప్తు ఎంతవరకు వచ్చింది, ఇంకా నిర్బంధం ఎందుకు కావాలి అన్నవి అందులో ఉండాలి. దర్యాప్తు అధికారి లేఖకు పైన సంతకం పెట్టి పంపితే సరిపోదు. పొడిగింపు అడిగిన రోజు నిందితుణ్ణి స్వయంగా గానీ వీడియోలో గానీ హాజరుపరచాలి. ఇందులో ఏది లోపించినా న్యాయవాది అక్కడే అభ్యంతరం చెప్పాలి.

ఈ హక్కు పుట్టిన సంగతి నిందితుడికి మేజిస్ట్రేటు కూడా చెప్పాలని రవీంద్రన్ తీర్పులోనే ఉంది. ఆ మాట కాగితం మీదే మిగిలిపోకూడదు. మొదటి రిమాండ్ వారెంటు మీదే 61వ రోజు, 91వ రోజు తేదీలు రాయించాలి. ఆ తేదీలు దగ్గరపడుతున్న ఖైదీల జాబితాను జైలు సూపరింటెండెంటు వారం ముందే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు పంపాలి. దీనికి కొత్త చట్టం అక్కర్లేదు, మన హైకోర్టులు ఒక సర్క్యులర్ ఇస్తే చాలు. ఈలోగా లాయరును పెట్టుకోలేని కుటుంబాలు ఉచిత న్యాయ సహాయం కోసం 15100కు ఫోన్ చేయవచ్చు. చేసేటప్పుడు క్రైమ్ నంబరు, పోలీసు స్టేషన్ పేరు, మొదటి రిమాండ్ తేదీ దగ్గర పెట్టుకోండి.

— ఒక క్రిమినల్ న్యాయవాది