ఏ ఇటాలియన్, సత్యం?

పాదువా,
నవంబరు 12.

ప్రియమైన సత్యం,

నీ ఉత్తరం అంది పది రోజులు దాటింది. జవాబు ఆలస్యం కావడానికి కారణం బద్ధకం కాదు, చోటు చాలక అంచు వెంబడి ఇరికించి వ్రాసిన నీ ప్రశ్న. “మన భాషను ఇటాలియన్ ఆఫ్ ది ఈస్ట్ అన్నారు కదా, మరి ఆరేళ్లుగా అక్కడే ఉంటున్న నీకు ఇటాలియన్ నల్లేరు మీద బండి నడకలా సాగుతూ ఉండాలే!” అన్నావు. తెలుగు మేష్టారివి, పైగా బడి వార్షికోత్సవంలో ఆ మాట చెప్పి చప్పట్లు కొట్టించుకున్నవాడివి. అటువంటి నీకు ఒక ముక్కలో జవాబు చెప్పి తప్పించుకోవడం న్యాయం కాదు. అయితే నా జవాబు కూడా ప్రశ్నే: ఏ ఇటాలియన్?

నేను ఇక్కడికి వచ్చేముందు హైదరాబాదులో ఎనిమిది నెలలు ఇటాలియన్ నేర్చుకున్న సంగతి నీకు తెలుసు. కుర్చీని ‘సేదియా’ అంటారనీ, ఫోర్కును ‘ఫోర్కెత్తా’ అంటారనీ వల్లె వేసి వచ్చాను. వచ్చిన మొదటి నెలలోనే మా కింది అంతస్తులో ఉండే ఎనభై ఏళ్ల పెద్దావిడ భోజనానికి పిలిచి, ‘కరేగ’ లాక్కుని కూర్చోమంది, ‘పిరోన్’ చేతికి తీసుకోమంది. కుర్చీకీ ఫోర్కుకీ నేను నేర్చుకున్న పేర్లు ఆ ఇంట్లో చెల్లవని అప్పుడు తెలిసింది. పిరోన్ అనేది గ్రీకు మాట; వెనిస్ వర్తకులు శతాబ్దాల తరబడి కాన్‌స్టాంటినోపుల్‌తో చేసిన వ్యాపారం వల్ల ఇక్కడి భోజనాల బల్ల మీదికి చేరింది. ఆవిడ మాట్లాడేది వెనెతో, వెనిస్, పాదువా ప్రాంతపు పలుకు. అడిగితే మాత్రం, “అబ్బే, ఇది భాష కాదు నాయనా, ఉత్త దియలేత్తో” అని కొట్టిపారేస్తుంది.

ఈ ‘దియలేత్తో’ అనే మాటను మనం మాండలికం అని అనువదించుకుని ఊరుకుంటే అసలు విషయం చేజారిపోతుంది. మన శ్రీకాకుళం తెలుగూ, ఆదిలాబాదు తెలుగూ ఒకే భాషకు ఉన్న రెండు రూపాలు. ఆ రెండు చోట్లవాళ్లూ ఒక బండిలో ప్రయాణం చేస్తే కాస్త తడబడినా కబుర్లు చెప్పుకుంటారు. ఇక్కడి దియలేత్తోలు ఇటాలియన్ భాషకు పుట్టిన పిల్లలు కావు. వెనెతో, మిలాను వైపు లొంబార్దు, నేపుల్సు వైపు నపొలితానో, సిసిలీ దీవి సిసిలియానో అన్నీ వాడుక లాటిన్ నుంచి ఎవరికి వారుగా నేరుగా దిగివచ్చినవే. ఇటాలియన్ అనబడేది కూడా ఆ తోబుట్టువులలో ఒకటి. ఫ్లోరెన్సు నగరపు పలుకు. పుస్తకాల అదృష్టం కలిసివచ్చి అది పెద్దపీట ఎక్కింది, తక్కినవి అరుగు మీదే ఉండిపోయాయి. ఉత్తరాన బెర్గామో ముసలాయన, సిసిలీలోని పలేర్మో ముసలాయన ఎవరి ఇంటి భాషలో వారు మాట్లాడుకుంటే, నా లెక్కన, ఒక తెలుగువాడూ ఒక కన్నడిగుడూ మాట్లాడుకున్నట్టే ఉంటుంది.

ఇప్పుడు నీ చప్పట్ల మాటకు వస్తాను. పదిహేనవ శతాబ్దంలో విజయనగరం చూసి వెళ్లిన నికోలో దే కాంతి మన మాటలు అచ్చులతో ముగియడం గమనించి ఆ మెచ్చుకోలు చేశాడని చెప్పుకుంటాం కదా. ఆయన ఊరు క్యోజ్జా, వెనిస్ ఉప్పుటేరు అంచున ఉన్న చేపల రేవు. మా ఊరికి ఎంతో దూరం లేదు. వెనిస్ పలుకులో రొట్టెను ‘పానే’ అనరు, ‘పాన్’ అంటారు. ద్రాక్షసారాను ‘వీనో’ అనరు, ‘విన్’ అంటారు. ప్రేమ ‘అమోరే’ కాదు, ‘అమోర్’. మన అజంత సౌందర్యానికి, అంటే అచ్చుతో ముగిసే అందానికి, కితాబు ఇచ్చాడనుకుంటున్న పెద్దమనిషి ప్రాంతపు భాష ఇన్ని మాటలను పొల్లుతో ముగిస్తుందన్నమాట! మిలానుకు పోతే ఇంకా పొదుపు. అక్కడ పిల్లి ‘గత్తో’ కాదు, వట్టి ‘గత్’.

అలాగని వెనెతోకు తెలుగుతో పోలిక లేకపోలేదు. నీవంటి వ్యాకరణ ప్రియుడికి చెప్పాలని ఇన్నాళ్లు దాచుకున్న సంగతి ఒకటి ఉంది. నిప్పు ఫ్లోరెన్సులో ‘ఫువోకో’, ఇక్కడ ‘ఫోగో’. అన్నదమ్ముడు అక్కడ ‘ఫ్రతెల్లో’, ఇక్కడ ‘ఫ్రదెల్’. తెలియడం అక్కడ ‘సపేరే’, ఇక్కడ ‘సవేర్’. కకారం గకారమైంది, తకారం దకారమైంది, పకారం వకారమైంది. కూర, కాయ కలిసి కూరగాయలు కావడం, తల్లి, తండ్రి కలిసి తల్లిదండ్రులు కావడం, వాడు పోయె అన్నది వాడువోయె కావడం గుర్తుకు రాలేదా? సాక్షాత్తు గసడదవాదేశమే! చుట్టరికం వల్ల కలిగింది కాదులే. రెండు అచ్చుల నడుమ చిక్కిన పరుషం మెత్తబడడం ఎక్కడి నాలుకకైనా సహజం. అయినా ఒక రాత్రి ఈ మూడు జంటలనూ కాగితం మీద పక్కపక్కన పెట్టుకుని, నువ్వు దగ్గర లేకపోయావే అని బాధపడ్డాను.

ఈ మెత్తబడడానికి ఒక హద్దు ఉంది. పడమట లా స్పెజియా నుంచి తూర్పున రిమినీ దాకా, అపెనైన్ కొండల వెంబడి భాషావేత్తలు ఒక గీత గీశారు. దానికి ఉత్తరాన పరుషాలు సరళాలవుతాయి, ద్విత్వాలు కరిగి ఒంటి హల్లులవుతాయి, చివరి అచ్చులు రాలిపోతాయి. దక్షిణాన సాధారణంగా ఇవి జరగవు. బొలోన్యా నుంచి ఫ్లోరెన్సుకు వేగంగా పోయే రైలుకు నలభై నిమిషాలు కూడా పట్టదు, అందులో చాలా భాగం సొరంగమే. ఆ సొరంగపు చీకటిలో ఐరోపాలోని పెద్ద భాషా సరిహద్దులలో ఒకటి దాటిపోతున్నామని పక్క సీటులో కునుకు తీసేవారికి తెలియనైనా తెలియదు. దిగిన తరువాత ఫ్లోరెన్సు సామాన్యుడేమైనా పాఠ్యపుస్తకంలా మాట్లాడతాడా అంటే, అదీ లేదు. ‘లా కాసా’ అనవలసిన చోట ‘లా హాసా’ అంటాడు. ప్రామాణిక భాషకు పుట్టిల్లయిన ఊరే ప్రామాణిక ఉచ్చారణను పాటించదు, చూశావా!

నేపుల్సులో మరొక వింత. అక్కడ చివరి అచ్చు ఉంటుంది గాని నలిగిపోయి ఉంటుంది. మన అకారంలో సగం కూడా వినబడదు. ఇటాలియనులో ‘ఓ’తో ముగిస్తే పుంలింగం, ‘ఆ’తో ముగిస్తే స్త్రీలింగం అని నేర్పుతారు కదా, మరి చివర మింగేస్తే లింగభేదం ఎలా తెలుస్తుంది? ఆ పనిని నపొలితానో మాట నడుమ ఉన్న అచ్చుకు అప్పగించింది. ఎరుపు అనే మాట పుంలింగంలో ‘రుస్స్’ అని, స్త్రీలింగంలో ‘రొస్స్’ అని వినిపిస్తుంది. ముగింపులో పోయినదాన్ని కడుపులో దాచుకుందన్నమాట. దీన్ని మొరటు భాష అనేవాళ్లను చూస్తే నాకు నవ్వు వస్తుంది.

నీ చప్పట్లకు నిజంగా అర్హత ఉన్నది సిసిలీ. పోయిన వేసవిలో కతానియా సంతలో ఒక కూరల వ్యాపారి ‘బెడ్డు, బెడ్డు’ అని కేక పెడుతుంటే ఒక్క క్షణం మన ఊరి సంతలో ఉన్నాననుకున్నాను. అందమైనది అన్న ‘బెల్లో’యే అక్కడ ‘బెడ్డు’ అయింది. గుర్రం ‘కవడ్డు’, నక్షత్రం ‘స్తిడ్డ’, అతడు ‘ఇడ్డు’. లాటిన్ లకార ద్విత్వమంతా మన డకార ద్విత్వంలా, నాలుక మడిచి పలికే శబ్దంగా మారిపోయింది. ఫ్లోరెన్సు భాషకు ఆ శబ్దమే లేదు. పైగా మన తెలుగులాగే అక్కడ మాటలు ఉకారంతో ముగుస్తాయి. కాంతిగారు పుట్టవలసిన ఊరు కతానియా! రెండు శతాబ్దాలకు పైగా ఏలిన అరబ్బులు వదిలిపోయిన మాటలూ ఆ భాషలో బోలెడు. నువ్వులను వాళ్లు ‘జుజ్జులేన’ అంటారు. నూనె డబ్బాల మీద అచ్చువేసే జింజెల్లీ అన్న మాట కూడా ఆ అరబ్బీ మూలం నుంచి వచ్చినదే. ఒకే గింజ పేరు అటు సిసిలీకీ, పోర్చుగీసువారి నోటి మీదుగా ఇటు మనకూ చేరింది.

సార్దీనియా దీవి సంగతి పూర్తిగా వేరు. తక్కినవన్నీ ఎప్పుడో వదిలేసిన పాత లాటిన్ పలుకును అది పట్టుకుని ఉంది. నూరు ఇటాలియనులో ‘చెంతో’, అక్కడ ‘కెంతు’. ఆకాశం ఇక్కడ ‘చేలో’, అక్కడ ‘కెలు’. మూలానికి ఇంత దగ్గరగా ఉన్నందుకు మెప్పు దక్కిందా? పద్నాలుగో శతాబ్దపు తొలినాళ్లలో, దేశం నుంచి వెలివేయబడి తిరుగుతున్న ఫ్లోరెన్సు కవి దాంతే, వాడుక భాషల మీద లాటిన్‌లో ఒక చిన్న గ్రంథం వ్రాస్తూ, కోతులు మనుషులను అనుకరించినట్టు సార్దీనియావాళ్లు లాటిన్‌ను అనుకరిస్తారని వెక్కిరించాడు. పద్నాలుగు వాడుక భాషలను అపెనైన్ కొండలకు కుడి ఎడమలుగా పంచి, ఒక్కొక్కదాన్నీ ముక్కు విరుస్తూ పరీక్షించి, తన సొంత తోస్కానా పలుకుతో సహా ఏదీ ఉత్తమ కావ్యభాషకు తగదని తేల్చాడు. చివరికి ఆయన కావ్యం వల్లనే ఫ్లోరెన్సు భాషకు పట్టాభిషేకం జరిగింది.

ఆ పట్టాభిషేకం జరిపించిన పురోహితులు ఎవరనుకున్నావు? ఫ్లోరెన్సువారు మాత్రమే కాదు. 1525లో, పద్యానికి పెత్రార్కా, గద్యానికి బొకాచో మేలుబంతులని శాసించిన పియెత్రో బెంబో వెనిస్ మనిషి. అప్పటికే ఆ ఇద్దరూ పోయి నూటయాభై ఏళ్లు. ఫ్లోరెన్సులో 1583లో వెలసిన భాషా సంస్థ క్రూస్కా అకాడమీ తన నిఘంటువును 1612లో అచ్చు వేయించుకున్నది కూడా వెనిస్‌లోనే. మిలానువాడైన మంజోనీ 1827లో తన నవల ప్రచురించి, దాని భాష నచ్చక, ఫ్లోరెన్సు వెళ్లి అక్కడి చదువుకున్నవారి మాట తీరు విని, మొత్తం తిరగవ్రాశాడు. ఫ్లోరెన్సు మీదుగా పారే ఆర్నో నదిలో బట్టలు జాడించుకోవడం అని దానికి పేరు. అంటే ఇటాలియన్ చాలాకాలం అన్ని ప్రాంతాలవారూ పుస్తకాల నుంచి నేర్చుకుని కాగితం మీద వ్రాసిన భాషే తప్ప, అమ్మ ఒడిలో వినే భాష కాదు. మన గ్రాంథికవాదులకు ఈ కథ తెలిస్తే గిడుగు వారితో తగవులో ఎంత చక్కగా వాడుకునేవారో కదా!

1861లో దేశం ఒక్కటైననాటికి ఇటాలియన్ మాట్లాడగలిగినవారు నూటికి రెండున్నర మంది అని భాషావేత్త తుల్లియో దె మౌరో లెక్క కట్టాడు. అది మరీ తక్కువనీ, పదిమంది దాకా ఉంటారనీ మరో భాషావేత్త అర్రీగో కస్తెల్లానీ వాదించాడు. ఏ లెక్క తీసుకున్నా, నూటికి కనీసం తొంభైమంది తమ దేశభాష రాని పౌరులే. మొదటి రాజు విత్తోరియో ఎమాన్యుయేలే ఇష్టంగా మాట్లాడింది పియెమోంతె భాష, ప్రధానమంత్రి కవూరుకు ఫ్రెంచి మరింత అలవాటు. బడి, సైన్యం, మొదటి ప్రపంచయుద్ధపు కందకాలు, దక్షిణాది నుంచి తూరినో, మిలాను ఫ్యాక్టరీలకు సాగిన వలస, ఇవన్నీ కొంతకొంత పని చేశాయి. 1954 జనవరి 3న ప్రసారాలు మొదలుపెట్టిన టెలివిజన్ మిగతాది చేసింది. 1960 నుంచి 1968 వరకు అల్బెర్తో మంజీ అనే బడిపంతులు తెర మీద బొగ్గుముక్కతో బొమ్మలు గీస్తూ, చదువురాని పెద్దలకు అక్షరాలు దిద్దించాడు. మా పెద్దావిడ తల్లి పొరుగింట కూర్చుని ఆ పాఠాలు చూసి తన పేరు వ్రాయడం నేర్చుకుందట. ఆ తల్లే పిల్లలతో, ఇంట్లో దియలేత్తో వద్దు, బళ్లో వెనకబడతారు అని చెప్పడం మొదలుపెట్టిందట. ఈ వాక్యం మనం ఇంకెక్కడో విన్నట్టు లేదూ?

2015లో ప్రభుత్వ గణాంక సంస్థ అడిగినప్పుడు, ఇంట్లో ప్రధానంగా దియలేత్తోయే మాట్లాడుతామన్నవారు నూటికి 14 మంది, రెండూ కలిపి మాట్లాడుతామన్నవారు 32 మంది. 1999 నాటి 482వ నంబరు చట్టం పన్నెండు అల్పసంఖ్యాక భాషలకు రక్షణ ఇచ్చింది. సార్దీనియా భాష సార్దు, ఈశాన్య మూల ఫ్రియులానో ఆ జాబితాలో ఉన్నాయి. సార్దీనియాలోని అల్గేరో పట్టణంలో పద్నాలుగో శతాబ్దం నుంచి నిలిచిన కతలాన్, దక్షిణాది సలెంతో పల్లెల గ్రీకు, మోలీజె ప్రాంతంలోని మూడు ఊళ్ల క్రొయేషియన్ కూడా ఉన్నాయి. వెనెతో, నపొలితానో, సిసిలియానో మాత్రం లేవు. మూడు ఊళ్ల భాష భాషే, లక్షలమంది ఇళ్లలో పలికేది దియలేత్తో. చిన్నవాటిని కాపాడటాన్ని నేను తప్పుపట్టను గాని, పెద్దవాటిని భాషలని ఒప్పుకోవడానికి ఈ రాజ్యానికి ఏదో బెరుకు ఉందని నా అనుమానం.

ఇక నా చదువు ఎంతవరకు వచ్చిందంటావా? పెద్దావిడ దగ్గర కూర్చుని రెండేళ్లుగా వెనెతో నేర్చుకుంటున్నాను. నిన్న ధైర్యం చేసి మూల మీది రొట్టెల అంగడిలో ‘పాన్’ కావాలని అడిగాను. అప్పటిదాకా నా ముందున్న ముసలాయనతో వెనెతోలో గలగలా మాట్లాడుతున్న అంగడివాడు ఒక్కసారి నిటారుగా నిలబడి, నా ముఖంలోకి చూసి, ఒక్కొక్క అక్షరం విడదీసి, చివరి అచ్చు మరీ ఒత్తి, “పా-నే?” అన్నాడు. నేనూ తల ఊపి, పానే తెచ్చుకుని ఇంటికి వచ్చాను.

అమ్మగారికి నా నమస్కారాలు చెప్పు. పిల్లలకు ఆశీస్సులు.

ఇట్లు,
నీ
భాస్కరం