ఆ తరంగాలు ఇంకా దొరకలేదు

సంపాదకుడు గారికి,

గత ఆదివారం మీ పత్రిక "విశ్వం పుట్టుక నాటి గురుత్వ తరంగాలు చిక్కాయి" అని పెద్దక్షరాలతో వేసింది. చిక్కలేదు. స్థలకాలాన్నే అలల్లా కదిలించే ఆ ఆదిమ తరంగాలు ఇంతవరకు ఎవరికీ చిక్కలేదు. సవరణ వస్తుందని రోజూ చూశాను, రాలేదు.

2015 సెప్టెంబరు 14న అమెరికాలోని గురుత్వ తరంగాల పరిశోధనశాల లైగో పట్టినవి సూర్యుడికి సుమారు 36, 29 రెట్ల బరువున్న రెండు కృష్ణబిలాలు కలిసిపోయినప్పటి తరంగాలు. అవి మనకు చేరడానికి దాదాపు 130 కోట్ల ఏళ్లు పట్టింది. విశ్వం వయసు 1,380 కోట్ల ఏళ్లు. ఈ రెండు అంకెలూ పక్కపక్కన పెట్టుకున్నా ఆ శీర్షిక పుట్టేది కాదు. 2023 జూన్‌లో పల్సార్ల (క్రమం తప్పకుండా రేడియో స్పందనలు పంపే నక్షత్రాల) సాయంతో పసిగట్టినవి వేరే. అందులో పుణె దగ్గరి మన జీఎంఆర్‌టీ రేడియో టెలిస్కోపు పాత్ర కూడా ఉంది. వాటికి ఎక్కువమంది చెప్పే కారణం గెలాక్సీల నడిబొడ్డున ఉండే భారీ కృష్ణబిలాల జంటలు.

ఆదిమ తరంగాల ఆనవాలు వెతకాల్సింది మైక్రోవేవ్ నేపథ్య వికిరణంలో, అంటే ఆకాశమంతా నిండిన విశ్వపు తొలి వెలుగులో. మహావిస్ఫోటం తర్వాత సుమారు 3,80,000 ఏళ్లకు బయలుదేరిన ఆ వెలుగు ధ్రువణంలో (తరంగం కంపించే దిశలో) మెలికలు తిరిగిన బి-మోడ్ నమూనా కనబడాలి. దక్షిణ ధ్రువంలోని బైసెప్2 బృందం 2014 మార్చి 17న అది దొరికిందనే ప్రకటించింది, ఆదిమ తరంగాల వాటా ఎంతో తెలిపే 'ఆర్' విలువ 0.2 అని కూడా చెప్పింది. అయితే వాళ్లు చూసింది 150 గిగాహెర్ట్జ్ దగ్గర మాత్రమే. మన పాలపుంతలోని దుమ్ము రేణువులు అయస్కాంత క్షేత్రానికి తగ్గట్టు వరసదేరి అలాంటి ధ్రువణాన్నే ఇస్తాయి. ఒక్క పౌనఃపున్యంలో చూస్తే ఏది దుమ్ము, ఏది ఆదిమ వెలుగు అని విడదీయలేం. దుమ్ము బాగా వెలిగే 353 గిగాహెర్ట్జ్‌లో ప్లాంక్ ఉపగ్రహం గీసిన పటంతో కలిపి లెక్క కట్టేసరికి, 2015 జనవరి ఆఖరుకల్లా ఆ ప్రకటన నిలవలేదు. దారిలో గెలాక్సీలు వెలుగును వంచడం వల్ల పుట్టే బి-మోడ్‌ను కూడా తీసేయాలి. 2021 నాటి బైసెప్-కెక్ (అదే దక్షిణ ధ్రువంలోని ప్రయోగాలు) లెక్కలో 'ఆర్' 0.036 కంటే తక్కువేనని తేలింది, అంటే సున్నా కూడా కావచ్చు.

అనంతపురంలో గ్రూప్స్‌కు చదివే పిల్లలు మీ పేజీలు కత్తిరించి దాచుకుంటారండీ. ఈ తప్పు రేపు బిట్టుగా మారి బిట్ బ్యాంకుల్లోకి ఎక్కుతుంది, ఏళ్ల తరబడి అక్కడే ఉంటుంది. వారం వారం వచ్చే సైన్సు పేజీ తీసేసి రాశిఫలాలకు చోటు పెంచారు. బడుల్లో ల్యాబు తాళాలు తనిఖీల రోజున తప్ప తీయరు. అధికారులకు పట్టదు సరే, పత్రికకైనా పట్టకపోతే ఈ పిల్లలు ఎవరిని నమ్మాలి?

సవరణను లోపలి పేజీ మూలన కాకుండా, అదే చోట, అదే సైజు శీర్షికతో వేయండి. అందులో 0.036 అన్న అంకె, అది పైహద్దు మాత్రమేనన్న మాట తప్పక ఉండాలి.

– ఒక పాఠకుడు, అనంతపురం