జాతి గడి ఎవరు నింపారు?

సంపాదకుల వారికి,

అమెరికా జనాభా లెక్కల వార్తల్లో ఒక ముఖ్యమైన సంగతి తరచూ తప్పిపోతోంది: జాతి వివరం ఎవరు రాశారన్నది. 1960కి ముందు ఇంటికొచ్చిన ఎన్యుమరేటరే (లెక్కలు రాసుకునే ఉద్యోగే) మనిషిని చూసి రాసేవాడు. భారతీయుల సంగతి మరీ అన్యాయం. 1920 నుంచి 1940 వరకు సిక్కులనూ ముస్లింలనూ సైతం 'హిందూ' అనే రాశారు. 1923లో, పౌరసత్వం కోరిన సిక్కు వలసదారు భగత్ సింగ్ థింద్ కేసులో అమెరికా సుప్రీంకోర్టు సామాన్యుడి దృష్టిలో ఆయన తెల్లవాడు కాడని, కాబట్టి పౌరసత్వానికి అర్హత లేదని తేల్చింది. అదే భారతీయులను 1970 లెక్కల్లో తెల్లవారిలో కలిపేశారు! 'ఏషియన్ ఇండియన్' గడి 1980లో గానీ రాలేదు.

ఇప్పుడు ఎవరికి వారు చెప్పుకున్నదే ప్రమాణం. మరణ ధ్రువపత్రం మాత్రం వేరు. అందులో జాతిని అంత్యక్రియల నిర్వాహకుడు కుటుంబాన్ని అడిగి రాయాలి. అడగకుండా ముఖం చూసి నింపితే అక్కడి ఆదివాసీ తెల్లవాడిగా నమోదు కావచ్చు. జనాభా సంఖ్యేమో స్వయంగా చెప్పుకున్నది, మరణాల సంఖ్య ఇతరులు రాసింది. మరణాలను జనాభాతో భాగిస్తే ఆదివాసీల మరణాల రేటు అసలుకన్నా తక్కువ కనిపిస్తుంది. ఇది చిన్న పొరపాటు కాదు, ఆరోగ్య ప్రణాళికలు వేసేది ఆ రేటు చూసే.

ఒకటికి మించి జాతులు చెప్పినవారు 2010లో 90 లక్షలు, 2020లో 3.38 కోట్లు. ఈ పెరుగుదలకు ప్రశ్న రూపం, జవాబుల కోడింగ్ (రాసిన జవాబులను వర్గాలుగా విడదీసే పద్ధతి) మారడమే ప్రధాన కారణం. ఇలాంటి అంకెలు వేసేటప్పుడు, వివరం ఎవరు నింపారో, ప్రశ్న మారిందో లేదో ఒక్క వాక్యంలో చేర్చమని మనవి.