వార్తా? ప్రకటనా? చూసేవాళ్లే పట్టుకోవాలి

సంపాదకుల వారికి,

టీవీలో ఎన్నికల ప్రకటన వేయాలంటే ఎన్నికల సంఘం కమిటీ ముందస్తు ధ్రువీకరణ ఉండాలన్న నిబంధన ఒక తెలుగు చానెల్ కేసులోంచే పుట్టింది. జెమిని టెలివిజన్ కేసులో సుప్రీంకోర్టు 2004 ఏప్రిల్ 13న ఆ ఉత్తర్వు ఇచ్చింది. నమోదైన జాతీయ, రాష్ట్ర పార్టీలు, అభ్యర్థులు ప్రసారానికి కనీసం 3 రోజుల ముందు, ఇతరులు 7 రోజుల ముందు దరఖాస్తు చేయాలి. ప్రకటన కాపీలు రెండు, అందులోని మాటల రాతప్రతి, తయారీ ఖర్చు, ఎన్నిసార్లు వేస్తారు, ఏ రేటుకు వేస్తారు అన్నీ జతచేయాలి.

ఇంత కట్టుదిట్టం చేసినా అదే సరుకును వార్తగా వేస్తే ఈ తనిఖీ తగలదు. ఎదురు ప్రశ్న ఒక్కటీ లేని ముఖాముఖి, రెండు మూడు చానెళ్లలో అవే వాక్యాలతో వచ్చే కథనం: వీటిని అధికారుల కన్నా ముందు పసిగట్టగలిగేది రోజూ చూసేవాళ్లే.

చెన్నైలో మనకు ఇంకో చిక్కుంది. 2024లో తమిళనాడు పోలింగ్ ఏప్రిల్ 19న, ఆంధ్ర, తెలంగాణల్లో మే 13న. ఇక్కడ ఆఖరి 48 గంటలు మైకులు ఆగినా, హైదరాబాద్ చానెళ్లలో ప్రచారం ఇంట్లోకి వస్తూనే ఉంటుంది.

ఇలాంటి వాటిపై ఫిర్యాదులు చాలావరకు రాయడంలోనే వీగిపోతాయి. కేబుల్ ఆపరేటర్‌ని అడిగి లాభం లేదు, కార్యక్రమానికి జవాబుదారీ చానెలే. ‘పక్షపాతం’ అంటే సరిపోదు. తేదీ, గంటా నిమిషాలు, తప్పుపడుతున్న మాట యథాతథంగా రాయాలి. 1994 కేబుల్ టీవీ నియమాల్లో 6వ నియమం ఉద్దేశపూర్వకమైన అబద్ధపు సూచనలనూ అర్ధసత్యాలనూ నిషేధిస్తుంది, దాన్ని పేర్కొనాలి. 2021 సవరణ ప్రకారం చానెల్ 24 గంటల్లో రసీదు ఇచ్చి, 15 రోజుల్లో నిర్ణయం చెప్పాలి. నచ్చకపోతే 15 రోజుల్లో ఆ చానెల్ చేరిన స్వీయ నియంత్రణ సంఘానికి (ఫిర్యాదులు తేల్చడానికి చానెళ్లే ఏర్పరచుకున్న సంఘం) అప్పీలు చేయాలి. అది తేల్చడానికి 60 రోజుల గడువు. అప్పటికి ఓట్ల లెక్కింపు కూడా అయిపోవచ్చు! అందుకే ఎన్నికల వేళ అదే కాపీని ఆ రోజే ఎన్నికల సంఘం కింద పనిచేసే జిల్లా మీడియా ధ్రువీకరణ, పర్యవేక్షణ కమిటీకీ పంపాలి. డబ్బిచ్చి వేయించిన వార్తేనని తేలితే దాని విలువ అభ్యర్థి ఖర్చులో కలుస్తుంది.

తెలుగు చానెళ్లను మేం అడిగేది ఒక్కటే. ఫిర్యాదుల అధికారి పేరు, ఈమెయిల్ వెబ్‌సైట్ అడుగున దాచకుండా, రాత్రి చర్చ ముగిసిన వెంటనే తెలుగులో తెర మీద చూపండి.

– తెలుగు ప్రేక్షకులు కొందరు, టి.నగర్, చెన్నై