ఉద్దానం వాళ్ళకి యాంజియో చేసేముందు కిడ్నీ కూడా చూడండి

ఎడిటర్ గారికి నమస్కారం,

కిడ్నీ జబ్బులు ఎక్కువగా ఉన్న మా ఉద్దానంలో గుండెనొప్పని విశాఖ పరిగెత్తేవాళ్ళలో కిడ్నీ పాడైన సంగతి తెలీనివాళ్ళు కూడా ఉంటారండి, నా బాధంతా వాళ్ళ గురించే. యాంజియోగ్రామ్ అంటే మణికట్టు దగ్గరో గజ్జల దగ్గరో రక్తనాళంలోంచి సన్న గొట్టం గుండెదాకా పంపి అయోడిన్ ఉన్న డై ఎక్కించి ఎక్స్‌రేలో చూస్తారు, పూడిక గట్టిగా ఉంటే అదే దారిలో బెలూన్ పంపి స్టెంట్ (రక్తనాళం మళ్ళీ మూసుకోకుండా పట్టి ఉంచే జాలీ గొట్టం) వేస్తారు, మంచి వైద్యమే, ప్రాణాలు నిలబెడుతోంది. కానీ ఆ డై బయటికి పోవాల్సింది కిడ్నీలోంచే కదా, ముందే నీరసించిన కిడ్నీ దానితో ఇంకా దెబ్బతినొచ్చు.

అందుకని తేదీ ఇచ్చి చేసే యాంజియో అయితే ముందు క్రియాటినిన్ (కిడ్నీ ఎలా పనిచేస్తోందో చెప్పే రక్తపరీక్ష) చూపించుకోండి, మాది ఉద్దానం అని డాక్టరుకి నోరు తెరిచి చెప్పండి, చెబితే డై తగ్గిస్తారు, సెలైన్ సంగతి చూసుకుంటారు, కొన్నిచోట్ల రక్తనాళం లోపలికే అల్ట్రాసౌండ్ పంపి తక్కువ డైతో స్టెంట్ వేస్తున్నారు. షుగరుకి వాడే మెట్‌ఫార్మిన్, నొప్పి బిళ్ళలు వాడుతుంటే అదీ చెప్పాలి.

పెద్ద హార్ట్ ఎటాక్ అని ఈసీజీలో తేలితే మాత్రం ఏ రిపోర్టు కోసమూ ఆగొద్దు. 120 నిమిషాల్లో స్టెంట్ పడే వీలుంటే సరే, కానీ మా ఇచ్ఛాపురం నుంచి విశాఖ 200 కిలోమీటర్ల పైమాటే, అందుకే దగ్గర ఆసుపత్రిలోనే గడ్డ కరిగించే ఇంజక్షన్ చేయించి పంపాలి. ఆ ఇంజక్షన్ సోంపేట, కవిటి వైపు రాత్రిపూట కూడా దొరికేలా, కిడ్నీ పరీక్షల నంబర్లు రాసిన కార్డు ప్రతి ఇంటికీ అందేలా జిల్లా అధికారులు చూడాలని వేడుకుంటున్నా.

ఇట్లు,
ఒక పాఠకుడు, సోంపేట, శ్రీకాకుళం జిల్లా